కాన్పు నొప్పుల్లో చేతికి పెట్టే కాన్యులా వేరు, స్టాండుకు వేలాడే సెలైన్ వేరు

మీరు రాసినదాన్ని బట్టి నాకు అర్థమైంది ఇది. తొలి కాన్పు, ఎనిమిదో నెల నడుస్తోంది, బీపీ, షుగర్ లేవు, హిమోగ్లోబిన్ 10.4 ఉంది. హాస్పిటల్లో చేరగానే చేతికి సూది గుచ్చి సెలైన్ పెట్టేస్తారని, ఇక మంచం దిగనివ్వరని మీ తోటికోడలు చెప్పింది. న్యూజెర్సీలో ఉన్న మీ అక్క మాత్రం తనకు చేతికి మూత బిగించి వదిలేశారని, పైపు లేకుండా హాయిగా నడిచానని అంటోంది. అత్తగారేమో గ్లూకోజ్ ఎక్కిస్తేనే ముక్కడానికి బలం వస్తుందంటున్నారు. "నేను వద్దని చెప్పొచ్చా? చెప్తే బిడ్డకేమైనా అవుతుందా?" అని అడిగారు.

నేను చాలా ఏళ్ళు లేబర్ రూమ్‌లో స్టాఫ్ నర్సుగా చేశాను, ప్రభుత్వ ఆసుపత్రిలోనూ, ప్రైవేటులోనూ. నా సమాధానం ముందే చెప్పేస్తాను. కాన్యులా పెట్టించుకోండి. దానికి సెలైన్ తగిలిస్తుంటే ఎందుకని అడగండి. ఆ సెలైన్‌లో ఏదైనా మందు కలుపుతుంటే అదేమిటో తెలుసుకోకుండా ఊరుకోకండి. ఈ మూడూ ఒకటే అనుకోవడం వల్లే సగం టెన్షన్. కొందరు భయంతో మొత్తానికే వద్దంటారు, కొందరు ఏం పెడుతున్నా చెయ్యి చాపేస్తారు. రెండూ సరికాదు.

కాన్యులా అంటే చేతి నరంలోకి వెళ్ళే చిన్న ప్లాస్టిక్ గొట్టం. మన దగ్గర వెన్‌ఫ్లాన్ అని కూడా అంటారు. సూది లోపలే ఉండిపోతుందని చాలామంది అనుకుంటారు, కదిలిస్తే గుచ్చుకుంటుందని చెయ్యి బిగబట్టుకుని కూర్చుంటారు. నిజానికి సూది దారి చేసి బయటికి వచ్చేస్తుంది. లోపల మిగిలేది మెత్తని గొట్టం ఒక్కటే. దాని చివర మూత బిగించి, మూడు నాలుగు మిల్లీలీటర్ల సెలైన్ సిరంజితో తోసి, ప్లాస్టర్ వేస్తే అయిపోయింది. మీ అక్కకు పెట్టింది అదే, అక్కడ సెలైన్ లాక్ అంటారు. మన ఆసుపత్రుల్లోనూ ఇదే వస్తువు, ఇదే పద్ధతి. ఇందుకు కొత్త పరికరమేదీ అక్కర్లేదు. స్టాండు, పైపు, బాటిల్ వెంటనే తగిలించకుండా ఉంటే చాలు.

కాన్యులా సైజును రంగు చూసి గుర్తుపట్టవచ్చు. పిల్లలకు పసుపు రంగుది, సన్నని నరాలకు నీలం రంగుది వాడతారు. కాన్పుకు వచ్చిన తల్లికి ఆకుపచ్చది పెట్టాలి, అది 18 గేజ్. ఇంకా లావుది కావాలంటే బూడిద రంగులో ఉండే 16 గేజ్, ఈ అంకె తగ్గేకొద్దీ గొట్టం లావు. ఎందుకంటే కంపెనీని బట్టి కాస్త మారినా, ఆకుపచ్చ దాంట్లో నిమిషానికి సుమారు 90 మిల్లీలీటర్లు పోతే, దానికంటే ఒక సైజు సన్నగా ఉండే పింక్ దాంట్లో సుమారు 60 పోతుంది. అంటే ఒక లీటరు ఎక్కడానికి ఒకదాంట్లో పదకొండు నిమిషాలు, ఇంకోదాంట్లో పదిహేడు. మామూలు రోజున ఈ ఆరు నిమిషాలు లెక్కలోకి రావు. కాన్పు అయ్యాక రక్తం ఆగకుండా పోతున్నప్పుడు వస్తాయి. నీలం రంగుది పెట్టి "ఐవీ (నరంలోకి దారి) ఉంది కదా" అనుకోవడం ఉత్తి ధీమా. సన్నదైతే నొప్పి తక్కువని మీరు అడగవచ్చు, కానీ ఈ ఒక్క విషయంలో సిస్టర్ చెప్పిన సైజుకే ఒప్పుకోండి.

ఇక అసలు కారణానికి వస్తాను. కాన్యులా ముందే పెట్టడం ప్రధానంగా రక్తస్రావం కోసమే. నెలలు నిండినప్పుడు గర్భాశయానికి నిమిషానికి 500 నుంచి 700 మిల్లీలీటర్ల రక్తం ప్రవహిస్తుంది. బిడ్డ పుట్టి మాయ విడిపోయాక, ఆ మాయ అంటుకున్న చోట తెరుచుకున్న రక్తనాళాలను గర్భాశయం కండరమే గట్టిగా ముడుచుకుని మూసేస్తుంది. నూటికి తొంభైమందికి పైగా ఇది సవ్యంగానే జరుగుతుంది. ముడుచుకోకపోతే మాత్రం సమయం నిమిషాల్లోకి వచ్చేస్తుంది. మామూలు కాన్పులో 500 మిల్లీలీటర్లు దాటితే దాన్ని అధిక రక్తస్రావం అంటారు. అది ఎవరికి వస్తుందో ముందే చెప్పగలమా అంటే, చాలాసార్లు చెప్పలేం. ఏ రిస్కూ లేదని రాసి ఉన్న కేసు షీట్లలోనే ఎన్నో వస్తాయి.

రక్తం పోతున్నప్పుడు శరీరం గుండెను, మెదడును కాపాడుకోవడానికి చేతులు, కాళ్ళకు వెళ్ళే రక్తాన్ని తగ్గించేస్తుంది. చేతులు చల్లబడతాయి, నరాలు అణిగిపోతాయి. పొద్దున తాడు కట్టగానే పైకి తేలిన నరమే అప్పుడు వెతికినా దొరకదు. ఒకరు పొట్ట మీద గర్భాశయాన్ని మర్దన చేస్తుంటే, ఇంకొకరు బీపీ చూస్తుంటే, మరొకరు ఒక చేతి నుంచి ఇంకో చేతికి నరం కోసం తడుముకోవడం లేబర్ రూమ్‌లో పనిచేసిన వాళ్ళందరికీ తెలిసిన స్థితి. అప్పుడు ఎక్కించాల్సినవన్నీ ఆ దారిలోనే వెళ్ళాలి. గర్భాశయాన్ని ముడుచుకునేలా చేసే ఆక్సిటోసిన్, సెలైన్, రక్తం, రక్తస్రావాన్ని తగ్గించే ట్రానెక్సామిక్ యాసిడ్ అన్నీ. ఈ చివరి మందు మీద 20 వేలమందికి పైగా తల్లులతో జరిగిన 'ఉమన్' అధ్యయనం ఫలితాలు 2017లో వచ్చాయి. కాన్పైన మూడు గంటల్లోపు ఒక గ్రాము నరంలోకి ఇస్తే రక్తస్రావంతో చనిపోయేవాళ్ళ సంఖ్య తగ్గుతుందని, ఆలస్యమైతే ఆ ఫలితం ఉండదని తేలింది. 2023లో నాలుగు ఆఫ్రికా దేశాల్లో చేసిన 'ఈ-మోటివ్' అధ్యయనంలో, పోయిన రక్తాన్ని కొలత గీతలున్న షీటులో పట్టి ముందే గుర్తించి, మర్దన, మందులు, సెలైన్, పరీక్ష అన్నీ ఒకదాని కోసం ఒకటి ఆగకుండా వెంటనే మొదలుపెట్టారు. తీవ్రమైన రక్తస్రావం, దానివల్ల వచ్చే ఆపరేషన్లు, మరణాలు కలిపి చూస్తే 60 శాతం తగ్గాయి. కాన్యులా ముందే ఉంటే ఇవన్నీ మొదలుపెట్టడానికి ఒక అడ్డు తక్కువ.

దీనికి ఇంకో వైపు కూడా ఉంది, అది దాచను. బిడ్డ పుట్టగానే రక్తస్రావం రాకుండా అందరికీ ఇచ్చే ఆక్సిటోసిన్ 10 యూనిట్లు తొడ కండకు కూడా ఇవ్వవచ్చు, దానికి కాన్యులా అక్కర్లేదు. ఇంగ్లండ్‌లో మిడ్‌వైఫ్‌లు (కాన్పులు చేయడానికి ప్రత్యేకంగా శిక్షణ పొందినవాళ్ళు) నడిపే ప్రసూతి విభాగాల్లో రిస్కు లేని తల్లులకు మామూలుగా కాన్యులా పెట్టరు. అక్కడ వాళ్ళ లెక్క వాళ్ళకు ఉంది. ఒక్కో తల్లి దగ్గర ఒక మిడ్‌వైఫ్ కనిపెట్టుకుని ఉంటుంది, చాలాచోట్ల అవసరమైతే పక్కనే డాక్టర్లు, రక్తం ఉంటాయి, తల్లికి రక్తహీనత ఉంటే ముందే సరిచేసి ఉంటారు. మన దగ్గర పరిస్థితి అది కాదు. 2019-21 జాతీయ కుటుంబ ఆరోగ్య సర్వే ప్రకారం దేశంలో గర్భిణుల్లో 52.2 శాతం మందికి రక్తహీనత ఉంది. రక్తం తక్కువున్న తల్లి, వేరేవాళ్ళు తట్టుకునేంత రక్తం పోయినా తట్టుకోలేదు. పైగా మన ఏరియా ఆసుపత్రుల్లో రాత్రి డ్యూటీలో ఒక సిస్టర్ ఇద్దరు ముగ్గురు తల్లులను చూసుకోవలసి వస్తుంది. రక్తం కావాలంటే జిల్లా కేంద్రానికి మనిషిని పంపాల్సిన చోట్లూ ఉన్నాయి. అందుకే ఇక్కడ ఉన్న తల్లికి నేను కాన్యులా పెట్టించుకోమనే చెప్తాను. మీ హిమోగ్లోబిన్ 10.4 అంటే భయపడాల్సినంత తక్కువ కాదు, కానీ 11 కంటే తక్కువే. ఇంకా నెలకు పైగా టైం ఉంది, ఐరన్ మాత్రలు మానకండి, టీ కాఫీలతో కలిపి వేసుకోకండి. మాత్రలు పడకపోతే డాక్టరుకు చెప్పండి, నరం ద్వారా ఇచ్చే ఐరన్ కూడా ఉంది. కాన్యులా గురించి ఆలోచించేటంత శ్రద్ధ దీని మీదా పెట్టండి, ఇంకా ఎక్కువే పెట్టండి.

కొందరి విషయంలో వద్దు అనే మాటే తీసుకురాకూడదు. ముందు కాన్పులో రక్తం ఎక్కువ పోయినవాళ్ళు, కవలలు ఉన్నవాళ్ళు, ఇంతకుముందు సిజేరియన్ అయి ఇప్పుడు మామూలు కాన్పుకు ప్రయత్నిస్తున్నవాళ్ళు, బీపీ పెరిగినవాళ్ళు, ఉమ్మనీరు మరీ ఎక్కువ ఉన్నవాళ్ళు, ప్లేట్‌లెట్లు తగ్గినవాళ్ళు, హిమోగ్లోబిన్ బాగా పడిపోయినవాళ్ళు, నొప్పులు రావడానికి మందు పెట్టించుకుంటున్నవాళ్ళు. ఒక ఊరి ఆసుపత్రి నుంచి పెద్దాసుపత్రికి 108లో పంపేటప్పుడు కూడా కాన్యులా పెట్టి పంపాలి. కదిలే బండిలో నరం వెతకడం ఎంత కష్టమో వేరే చెప్పక్కర్లేదు.

ఇప్పుడు బాటిల్ సంగతి. మన జనానికి సెలైన్ మీద ఉన్న నమ్మకం పెద్దది. జ్వరం వచ్చి ఊళ్ళో ఆర్‌ఎంపీ దగ్గరికి వెళ్ళినా బాటిల్ ఎక్కిస్తేనే వైద్యం చేసినట్టు. కాన్పుకు చేరిన అమ్మాయికి రెండు గంటలైనా స్టాండు కనిపించకపోతే "ఏం పట్టించుకోవట్లేదు" అని బయట కూర్చున్నవాళ్ళే గొడవపడతారు. ఆ ఒత్తిడికి కొన్నిచోట్ల అవసరం లేకపోయినా తగిలిస్తారు, ఇది నేను కళ్ళారా చూసిన సంగతి. మీ అత్తగారికి గౌరవంగా ఈ లెక్క చెప్పండి. అర లీటరు 5 శాతం గ్లూకోజ్ బాటిల్లో ఉండేది 25 గ్రాముల చక్కెర, సుమారు వంద కేలరీలు. రెండు ఇడ్లీలు తింటే అంతకు తగ్గకుండా వస్తుంది. నోటితో తినగలిగిన మనిషికి బాటిల్ ఇచ్చే ప్రత్యేకమైన బలం ఏమీ లేదు.

బలం లేకపోగా, గ్లూకోజ్ బాటిళ్ళు వరసగా ఎక్కిస్తే ఇబ్బంది కూడా ఉంది. తల్లి రక్తంలో చక్కెర పెరిగితే అది మాయ దాటి బిడ్డకు వెళ్తుంది, బిడ్డ శరీరం దానికి తగ్గట్టు ఇన్సులిన్ ఎక్కువ తయారు చేసుకుంటుంది. బొడ్డు తాడు కత్తిరించగానే చక్కెర సరఫరా ఆగిపోతుంది, ఇన్సులిన్ మాత్రం ఇంకా ఉంటుంది. అప్పుడు పుట్టిన బిడ్డకు షుగర్ పడిపోతుంది. ఉప్పు లేని ద్రవం ఎక్కువైతే తల్లి రక్తంలో సోడియం కూడా పల్చబడుతుంది. ద్రవం ఎక్కించాల్సి వస్తే లవణాలు ఉండే రింగర్ లాక్టేట్ గానీ మామూలు నార్మల్ సెలైన్ గానీ వాడటం మంచిదనేది అందుకే.

బిడ్డ బరువు మీద కూడా దీని ప్రభావం ఉంటుంది, దీన్ని చాలామంది గమనించరు. కాన్పుకు ముందు తల్లికి ఎక్కువ ద్రవం ఎక్కితే అందులో కొంత బిడ్డకూ చేరుతుంది. పుట్టిన బిడ్డ బరువు ఆ నీటితో కాస్త ఎక్కువ చూపిస్తుంది. మొదటి రోజు మూత్రం రూపంలో అది పోతుంది, బరువు తగ్గుతుంది. "బిడ్డ బరువు తగ్గిపోతున్నాడు, తల్లికి పాలు చాలట్లేదు" అని డబ్బా పాలు మొదలుపెడతారు. తల్లి పాలలో లోపం ఏమీ లేకపోయినా ఆమె మనసు విరిగిపోతుంది. మీకు సెలైన్ చాలా ఎక్కించి ఉంటే, రెండో రోజు బరువు చూసి కంగారు పడేముందు పిల్లల డాక్టరుకు ఆ సంగతి గుర్తు చేయండి.

మరి నొప్పుల్లో నోటికి ఏమీ ఇవ్వకూడదనే పట్టింపు ఎక్కడి నుంచి వచ్చింది? 1946లో కర్టిస్ మెండెల్సన్ అనే అమెరికా డాక్టరు, న్యూయార్క్‌లోని తమ ఆసుపత్రిలో జరిగిన 44,016 కాన్పులను పరిశీలించి, 66 మందికి మత్తులో ఉన్నప్పుడు కడుపులోది ఊపిరితిత్తుల్లోకి వెళ్ళిందని, ఇద్దరు చనిపోయారని రాశాడు. ఆ రోజుల్లో ఈథర్ లాంటి మత్తును ముఖానికి మాస్కు పెట్టి ఇచ్చేవాళ్ళు, గొంతులోకి గొట్టం వేసి ఊపిరి దారిని కాపాడటం మామూలు కాదు. ఆ భయంతో నోరు కట్టేశారు, నోరు కట్టేస్తే దాహం తీర్చాలి కాబట్టి బాటిల్ వచ్చింది. ఇప్పుడు సిజేరియన్లలో ఎక్కువ భాగం వెన్నులో మత్తు ఇచ్చి, తల్లి మెలకువగా ఉండగానే చేస్తున్నారు. ప్రపంచ ఆరోగ్య సంస్థ 2018 మార్గదర్శకాల్లో రిస్కు లేని తల్లులు నొప్పుల్లో తాగవచ్చు, తినవచ్చు అని స్పష్టంగా ఉంది. నొప్పులు త్వరగా అవ్వడానికని సెలైన్ ఎక్కించవద్దని కూడా అందులోనే ఉంది. అమెరికా ప్రసూతి వైద్యుల సంఘం కూడా నొప్పులు వాటంతట అవి సవ్యంగా సాగుతున్న తల్లికి నిరంతరం సెలైన్ అవసరం ఉండకపోవచ్చని చెప్పింది. మీ అక్కకు పైపు లేకుండా వదిలేసింది అందుకే.

కాబట్టి ఆపరేషన్ అవకాశం ఎక్కువని డాక్టరు చెప్పకపోతే, నొప్పుల మధ్య గుక్కెడు గుక్కెడు తాగుతూ ఉండండి. మంచినీళ్ళు, కొబ్బరి నీళ్ళు, పల్చటి మజ్జిగలో చిటికెడు ఉప్పు, గోరువెచ్చని రాగి జావ. మొదట్లో ఇడ్లీ, బ్రెడ్డు లాంటివి తినవచ్చు. నొప్పులు బలపడ్డాక తినాలని మీకే అనిపించదు. నూనె సరుకులు, బిర్యానీ వద్దు, వాంతులవుతాయి. రెండు గంటలకోసారి మూత్రానికి వెళ్ళండి. నిండిన మూత్రాశయం బిడ్డ తల దిగడానికి అడ్డం, కాన్పయ్యాక గర్భాశయం ముడుచుకోవడానికీ అడ్డమే.

సెలైన్ నిజంగా కావలసిన సందర్భాలు లేకపోలేదు. వాంతులు ఆగకపోతే, నోరు ఎండిపోయి మూత్రం చిక్కబడితే, జ్వరం వస్తే, నొప్పి తెలియకుండా వెన్నులోకి మందు ఇచ్చే ఎపిడ్యూరల్ పెట్టించుకుంటే, బిడ్డ గుండె చప్పుడులో తేడా వస్తే, సిజేరియన్‌కు తీసుకెళ్తుంటే తగిలిస్తారు, తగిలించాలి. అప్పుడు "నేను నెట్‌లో చదివాను" అని వాదించవద్దు. బీపీ బాగా పెరిగిన తల్లికి మాత్రం కథ తిరగబడుతుంది, అక్కడ ద్రవం ఎక్కువైతే ఊపిరితిత్తుల్లో చేరుతుంది. ఆమెకు కాన్యులా తప్పనిసరి, కానీ ఎక్కే ప్రతి మిల్లీలీటరూ లెక్కపెడతారు.

అన్నిటికంటే జాగ్రత్తగా ఉండాల్సింది సింటో డ్రిప్ దగ్గర. ఆక్సిటోసిన్ కలిపిన సెలైన్‌ను లేబర్ రూమ్‌లో అలా పిలుస్తారు, బయట నొప్పుల సెలైన్ అంటారు. చూడటానికి మామూలు బాటిల్‌లాగే ఉంటుంది. నొప్పులు మొదలుకానివాళ్ళకు, మధ్యలో ఆగిపోయినవాళ్ళకు ఇది నిజంగా ఉపయోగపడే మందు, సరిగ్గా వాడితే కొందరికి సిజేరియన్ తప్పవచ్చు. చుక్కలతో లెక్క. ఉదాహరణకు 500 మిల్లీలీటర్లలో 2.5 యూనిట్లు కలిపి నిమిషానికి 10 చుక్కలతో మొదలుపెట్టి, అరగంటకోసారి చూసుకుంటూ పెంచడం ఒక పద్ధతి. పది నిమిషాల్లో ఐదు కంటే ఎక్కువ నొప్పులు వస్తున్నాయంటే, లేదా ఒక నొప్పికీ ఇంకో నొప్పికీ మధ్య పొట్ట మెత్తబడటం లేదంటే, మందు ఎక్కువైందని అర్థం. నొప్పి ఉన్నంతసేపూ మాయకు వెళ్ళే రక్తం తగ్గుతుంది, మధ్యలో వదులైనప్పుడే బిడ్డ ఊపిరి తీసుకున్నట్టు. ఆ విరామం లేకపోతే బిడ్డ అలసిపోతుంది. వెంటనే డ్రిప్ ఆపాలి, ఆపితే మందు ప్రభావం నిమిషాల్లోనే తగ్గడం మొదలవుతుంది. కాన్పుకు ముందు ఇదే మందును కండకు సూదిగా ఇవ్వడం మహా ప్రమాదం, ఎందుకంటే ఒకసారి ఇచ్చాక వెనక్కి తీసుకోలేం. గర్భాశయం చిరిగిపోయేదాకా వెళ్ళవచ్చు. చిన్న ఊళ్ళలో ఎవరైనా "నొప్పులు రావడానికి ఒక సూది వేస్తాను" అంటే లేచి వచ్చేయండి.

అందుకే స్టాండుకు బాటిల్ తగిలించినప్పుడు మీరు గానీ మీతో ఉన్నవాళ్ళు గానీ మర్యాదగా ఒక్క మాట అడగండి: "సిస్టర్, ఇందులో నొప్పుల మందు కలిపారా?" కలిపితే బాటిల్ మీద మందు పేరు, మోతాదు, టైం రాసిన లేబుల్ ఉండాలి. కలిపాక బిడ్డ గుండె చప్పుడు మాటిమాటికీ చూస్తుండాలి. నొప్పులు బాగానే వస్తున్నా, గర్భాశయం నోరు తెరుచుకోవడం 5 సెంటీమీటర్లు కూడా దాటకముందే కేవలం తొందరగా అవ్వాలని మందు పెడుతుంటే, కారణం చెప్పమనండి. తొలి కాన్పు నెమ్మదిగా సాగడం జబ్బు కాదు.

బయట కూర్చున్నవాళ్ళకు ఒక ముఖ్యమైన సంగతి చెప్పి ఉంచండి. సెలైన్ పైపు మీద ఉండే చక్రాన్ని ఎవరూ ముట్టుకోకూడదు. "నెమ్మదిగా ఎక్కుతోంది, ఎప్పుడవుతుందో" అని తిప్పేసే బంధువులు ప్రతి ఆసుపత్రిలోనూ ఉంటారు. మామూలు సెలైన్‌నే అలా తిప్పకూడదు, అది సింటో డ్రిప్ అయితే తల్లికీ బిడ్డకూ ప్రాణం మీదికి వస్తుంది. బాటిల్ అయిపోగానే గాలి గుండెకు ఎక్కేస్తుందని కూడా పరుగులు తీస్తారు. పైపులో కనిపించే చిన్న బుడగలతో ప్రమాదం లేదు. బాటిల్ ఖాళీ అయితే మామూలుగా పైపులోకి కాస్త రక్తం వెనక్కి వస్తుంది, అది గడ్డకట్టి కాన్యులా మూసుకుపోవచ్చు. సిస్టర్‌ను పిలవండి, అంతే చాలు.

పెట్టించుకునేటప్పుడు మీ సౌకర్యం కూడా చూసుకోవచ్చు. కుడి చేతివాటమైతే ఎడమ చేతికి అడగండి. మణికట్టు మడత దగ్గర, మోచేయి మడత దగ్గర కాకుండా ముంజేతి మీద పెడితే చెయ్యి ధారాళంగా కదులుతుంది, మంచం పట్టుకుని ముక్కవచ్చు, తర్వాత బిడ్డను పాలకు పట్టుకోవచ్చు. సీమంతానికి వేసుకున్న గాజులు ఇంకా రెండు చేతులకూ నిండుగా ఉంటే, ఒక చేతివి ఇంట్లోనే తీసేసి రండి. హడావుడిలో మట్టిగాజులు చిట్లి చెయ్యి కోసుకుంటుంది. గాజులు తీస్తే అరిష్టమని పెద్దవాళ్ళు బాధపడితే కుడి చేతికి ఉంచుకోండి. వేళ్ళు వాస్తాయి కాబట్టి ఉంగరాలు ముందే తీసేయండి. గోరింటాకు ముదురుగా పండి ఉంటే కాన్యులా చుట్టూ ఎర్రబడటం కనిపించదు, ముంజేతిని వదిలేసి పెట్టుకోండి. నరాలు సన్నగా ఉన్నాయని ఇంతకుముందు ఎవరైనా అని ఉంటే ముందే చెప్పండి, వేడి గుడ్డ చుట్టి, బాగా నీళ్ళు తాగించి చూస్తారు. ఒకరు రెండుసార్లు ప్రయత్నించి దొరకకపోతే వేరొకరిని పిలవమని అడగడం తప్పు కాదు, మంచి పద్ధతి కూడా అదే. కాన్యులా పెట్టేటప్పుడే బ్లడ్ గ్రూపుకు, ఎక్కించే రక్తం సరిపడుతుందో చూసే క్రాస్ మ్యాచింగ్‌కు కావలసిన శాంపిల్ తీసేస్తే రెండోసారి గుచ్చక్కర్లేదు.

ఇక నడక. కాన్యులాకు మూత బిగించి ఉంటే కారిడార్‌లో నడవండి, కుర్చీలో కూర్చోండి, మోకాళ్ళ మీద వంగండి. నిలబడి, నడుస్తూ ఉన్నవాళ్ళకు నొప్పుల మొదటి దశ పడుకుని ఉన్నవాళ్ళకంటే సగటున గంటకు పైగా తగ్గుతుందని అధ్యయనాలన్నీ కలిపి చూసినప్పుడు తేలింది. సెలైన్ నడుస్తున్నా చక్రాల స్టాండు ఉంటే నడవవచ్చు. తెలంగాణలో 2017లో కరీంనగర్‌లో మిడ్‌వైఫరీ శిక్షణ మొదలైంది. అలా శిక్షణ పొందిన మిడ్‌వైఫ్‌లు ఉన్న చోట ఈ మాటలు మీరు అడగక్కర్లేకుండా వాళ్ళే చెప్తారు. మిగతాచోట్ల అడగాలి.

అడగడం కూడా నొప్పుల్లో కాదు, 36వ వారం చెకప్‌లో. ఇలా అడగండి: "మేడమ్, కాన్యులా పెట్టించుకుంటాను. అంతా బాగుంటే సెలైన్ లేకుండా లాక్ చేసి ఉంచుతారా? నీళ్ళు తాగొచ్చా, నడవొచ్చా?" ఇలా అడిగితే ఏ డాక్టరూ చిన్నబుచ్చుకోదు, ఎందుకంటే అత్యవసరానికి కావలసింది మీరు ముందే ఒప్పుకున్నారు. ఒప్పుకుంటే కేసు షీట్‌లో ఒక లైను రాయమనండి, ఆ రాత్రి డ్యూటీలో ఉండేది వేరేవాళ్ళు కావచ్చు. ఒప్పుకోకపోతే మీ విషయంలో కారణమేమిటో వినండి, నిజంగానే ఉండవచ్చు. "మా హాస్పిటల్లో అందరికీ ఇంతే" అనేది మాత్రం కారణం కాదు, వేరే చోట కూడా ఒకసారి అడిగి చూసే టైం మీకు ఇంకా ఉంది. ప్రభుత్వ ఆసుపత్రుల్లో నొప్పుల సమయంలో తోడుగా ఒక స్త్రీని ఉండనివ్వాలని 2016లోనే కేంద్రం చెప్పింది. మీ అమ్మగారో అక్కో లోపల ఉంటే ఈ విషయాలన్నీ ఆమెకు ముందే వివరించి ఉంచండి, ఆ టైంలో మీకు మాట్లాడే ఓపిక ఉండదు.

కాన్పయ్యాక కాన్యులాను వెంటనే తీసేయమని అడగవద్దు. రక్తస్రావం ఎక్కువగా వచ్చేది మొదటి కొన్ని గంటల్లోనే, ముఖ్యంగా మొదటి రెండు గంటలు. బ్లీడింగ్ అదుపులో ఉంది, గర్భాశయం గట్టిగా ఉంది, మూత్రానికి వెళ్ళారు, నరంలోకి ఇచ్చే మందులు ఇక లేవు అంటే అప్పుడు తీయించుకోండి. డిశ్చార్జి దాకా అలాగే ఉంచేస్తే ఇన్‌ఫెక్షన్ దారి తెరిచి ఉంచినట్టే, కాబట్టి మర్చిపోతే మీరే గుర్తు చేయండి. మందు ఎక్కుతున్నప్పుడు మంట, చుట్టూ వాపు, ఎర్రదనం, నరం వెంబడి నొప్పి ఏది వచ్చినా అది ఎన్నో రోజని చూడకుండా తీయించేయాలి. తీశాక దూదితో రెండు నిమిషాలు గట్టిగా నొక్కి పట్టుకోండి, రుద్దవద్దు. ఇంటికెళ్ళాక ఆ చోట గట్టిపడి కాస్త నొప్పిగా ఉంటే గోరువెచ్చని కాపడం పెట్టండి, కొద్ది రోజుల్లో తగ్గుతుంది. ఎర్రదనం పైకి పాకుతున్నా, చీము కనిపించినా, చలితో జ్వరం వచ్చినా అదే రోజు ఆసుపత్రికి వెళ్ళి చూపించుకోండి.